సరుగుడు దిబ్బ మీద ముప్ఫై ఏడు బెండ్లు

ముప్ఫై ఏడుగురి మీద ఇళ్ళు కట్టారు. వాళ్ళు అక్కడున్నారని నేను రాసి చెప్పాను. పటం గీసి పంపాను. పూడ్చింది నేనేనని సంతకం పెట్టి ఒప్పుకున్నాను. అయినా కట్టారు.

జరిగిన తప్పు ఇదీ. మిగతాది ఇప్పుడు చెబుతాను.

నేను ఐదో తరగతి దాకా చదివినవాణ్ణి. తర్వాతి చదువంతా బారక్‌లో, చిరిగిన మాన్యువళ్ళలో, రైల్లో ఎవరో వదిలేసిన పేపర్లలో దొరికింది. నా రాతలో సొగసు వెతక్కండి. దూరాలూ గంటలూ లోతులూ మాత్రం తప్పవు. ఇంజనీరు దళంలో పద్దెనిమిదేళ్ళు చేసినవాడికి అవి తప్పకూడదు.

ఉప్పెన వచ్చిన నాలుగో రోజు ఉదయం ఆరున్నరకు మా లారీలు తెనాలి చేరాయి. డెబ్బై ఏడు నవంబరు. ఆకాశం కడిగినట్టు నీలంగా ఉంది. గాలి లేదు. ఆకు కదలడం లేదని రాద్దామంటే చెట్లకు ఆకుల్లేవు.

తెనాలి మా ఊరు. కాలువ వంతెన మీద లారీ నెమ్మదిగా పోతుంటే మా వీధి చివర కనిపించింది. మా ఇంటి పెంకుల్లో సగం లేవు. గోడ మీద నీలం చీర ఆరేసి ఉంది. మా ఆవిడది.

ముందు సీట్లో ఉన్న సుబేదార్ వెనక్కి తిరిగాడు. గఢ్వాల్ కొండల మనిషి, మా సెక్షన్‌కు పెద్ద. మా మాటలన్నీ హిందీలోనే. మీ కోసం తెలుగులో రాస్తున్నాను.

"హవల్దార్, మీ ఊరు ఇదే కదా? ఐదు నిమిషాలు ఆపమంటావా?"

"వద్దు సాబ్. ఆరేసిన చీర కనపడింది."

ఆయన తల ఊపి ముందుకు తిరిగాడు. పక్కనున్న రేడియో ఆపరేటర్, మలయాళీ కుర్రాడు, నా చేతిలో బీడీ పెట్టాడు. వెలిగించుకోవడం మర్చిపోయాను.

అక్కణ్ణుంచి రేపల్లెకు ముప్ఫై అయిదు కిలోమీటర్లు లేదు. మాకు ఏడు గంటలు పట్టింది. రోడ్డుకు అడ్డం పడిన చెట్లు అరవై రెండు కోశాం. రెండు పక్కలా కోతకొచ్చిన వరి నేలకు పరుచుకుపోయి ఉంది. కరెంటు స్తంభాలన్నీ ఒకే దిక్కుకు ఒరిగాయి. అన్నీ ఒకే దిక్కుకు. ఎవరో ఆర్డరిచ్చినట్టు.

రేపల్లెలో స్టేషను దగ్గర ఆగాం. వందల మంది జనం. చప్పుడు లేదు. పసిపిల్లలు కూడా ఏడవడం లేదు. ఒక టీ కొట్టాయన, పైకప్పు లేని కొట్లో, పొయ్యి రాజేసి కూర్చున్నాడు.

"తాగండి బాబూ. కొట్టు ఎగిరిపోయింది గానీ పొయ్యి ఎగర్లేదు," అన్నాడు. అని తనే నవ్వాడు. ఎవరూ నవ్వకపోయేసరికి ఆపేశాడు.

మా కంపెనీ ఆఫీసు బాపట్లలో. రెండో సెక్షన్ పిట్టలవానిపాలెం వైపు పోయింది. మమ్మల్ని రేపల్లెకు దక్షిణంగా సముద్రం ఒడ్డుకు పంపారు. ఎనిమిది మందిమి, సుబేదారు కాక. ఒక పడవ, పన్నెండు పారలు, ఆరు గునపాలు, తాళ్ళు, నాలుగు బస్తాల బ్లీచింగు పౌడరు, రెండు పెద్ద డబ్బాల కిరోసిన్, ఒక రేడియో సెట్టు, ఏడు రోజుల రేషను.

ఆర్డర్లు నాలుగు. ఒకటి, బావులు శుభ్రం చెయ్యాలి. రెండు, దారి తెరవాలి. మూడు, పశువుల కళేబరాలు తగలెయ్యాలి. నాలుగు, మనుషుల శవాలు దొరికిన చోటే, దొరికిన రోజే దహనం చెయ్యాలి. అంటురోగాలు లేస్తాయని. ఆ ఆర్డరు తప్పని నేననను. ఆ వాసన పీల్చినవాడెవడూ అనడు.

*

మేము దిగిన పల్లె జాలర్లది. దాని పేరు రాయను. పేరు వేసి రాసిన కాగితాల వల్ల ఏం జరగబోయిందో చివర్లో మీకే తెలుస్తుంది. పల్లంలో నలభై గుడిసెలుండేవట. మేం వెళ్ళేసరికి గుంజలు కూడా లేవు. పల్లం వెనక ఇసక దిబ్బ, దాని మీద సరుగుడు తోట. చుట్టుపక్కల అంత ఎత్తు నేల మరొకటి లేదు. పల్లంలో నీళ్ళు తాటిచెట్టు తలదాకా వచ్చాయి. తాటి మట్టల్లో చిక్కుకున్న నాచు చూసి కొలిచాను. అదే దిబ్బ మీద నడుం లోతే. దిబ్బ ఎక్కినవాళ్ళు చాలామంది బతికారు. ఎక్కలేనివాళ్ళు పోయారు. ఈ సంగతి గుర్తుంచుకోండి.

పడవ దిగగానే ఒక ఆడమనిషి ఎదురొచ్చింది. యాభై దాటిన వయసు. చేతుల లోపలి పక్క, రొమ్ము మీద, చర్మం లేదు. కొంగుతో తనను తాను తాటిచెట్టుకు కట్టేసుకుని రాత్రంతా వేలాడిందని తర్వాత తెలిసింది. పేరు నాంచారమ్మ.

"ఏంటబ్బాయ్, తెలుగోడివేనా?"

"తెనాలి అమ్మా."

"తెనాలోళ్ళు బేరమాడకండా మా చేప ఒక్కటి కొన్లేదు. ఇప్పుడు తుపాకులేసుకొచ్చారా?"

"తుపాకి లేదమ్మా. పార."

నా చేతిలోది చూసింది. తర్వాత పడవలో ఉన్న డబ్బాలు చూసింది.

"కిరసనాయిలు దేనికి?"

చెప్పాను. దాచలేదు. ఆవిడ ఇసకలో కూలబడింది. ఏడవలేదు.

"మాలో కాల్చరబ్బాయ్. పూడుస్తాం. దక్షిణం తల పెట్టి పూడుస్తాం. నీళ్ళు చంపినయ్. మళ్ళీ నిప్పెందుకు?"

జవాబు చెప్పే ర్యాంకు కాదు నాది.

మర్నాడు ఉదయం పదింటికి సుబేదారు పడవ తీసుకుని, ఒక జవానుతో పక్క పల్లెకు బయలుదేరాడు. వెళ్తూ వెళ్తూ పడిపోయిన సరుగుడు చెట్లను చూపించాడు.

"కట్టెకు కొదవ లేదు. డబ్బాలున్నాయి. నేనొచ్చేలోగా అయిపోవాలి. పొగ నాకు అక్కణ్ణుంచి కనపడాలి."

"కనపడుతుంది సాబ్."

అప్పటికి దొరికినవి ముప్ఫై ఏడు శవాలు. నీళ్ళలో ఐదు రోజులు. ముఖాలు చూసి ఎవరో చెప్పే స్థితి దాటిపోయింది. బట్టలు నీళ్ళే ఒలిచేశాయి. మిగిలింది మొలతాడు. ఆ పల్లెలో మొలతాడు కొనుక్కోరు. వల దారంతో ఇంట్లోనే పేనుకుంటారు. ఒక్కో ఇంటివాళ్ళు ఒక్కో రకంగా ముడి వేస్తారు. వల చిరిగితే ఎవరిదో తెలిసేందుకు అంచున వేసుకునే ముడే మొలకూ వేసుకుంటారు. తండ్రి ముడి కొడుకు నేర్చుకుంటాడు. ఇది నాకు నాంచారమ్మ చెప్పింది. ఒక్కో శవం దగ్గరా వంగి, మొలతాడు ముడిని వేళ్ళతో తడిమి, పేరు చెప్పింది. ఆడవాళ్ళను పచ్చబొట్లు చూసి చెప్పింది. పసివాళ్ళు ముగ్గురున్నారు. వాళ్ళను మాత్రం ముట్టుకోకుండానే చెప్పింది.

పదో పన్నెండో చెప్పాక ఒక ముడి దగ్గర ఆవిడ చెయ్యి ఆగింది. రెండు మడతలు, ఒక ఉచ్చు.

"రాసుకో," అంది.

"ఎవరమ్మా?"

"మా ఆయన."

రాసుకున్నాను. ఆవిడ తర్వాతి శవం దగ్గరకు జరిగింది. నాకేమీ అనిపించలేదు. అనిపించలేదన్న సంగతి కూడా అప్పుడు తెలియలేదు.

పేర్లన్నీ అయ్యాక నేను పుస్తకం మూసి కుర్రాళ్ళ వైపు చూశాను. ఏడుగురిలో ఒకడు సుబేదారు వెంట పోయాడు. ఆరుగురున్నారు. ఆరుగురూ నన్నే చూస్తున్నారు. తెలుగు ఒక్కడికీ రాదు. అయినా సంగతి అందరికీ అర్థమైంది.

రేడియో ఆపరేటర్ అన్నాడు, "హవల్దార్, ఏం చెయ్యమంటావో త్వరగా చెప్పు. పార పట్టుకోవాలా, అగ్గిపెట్టె పట్టుకోవాలా?"

"పార," అన్నాను.

పదకొండుంబావుకు మొదలుపెట్టాం. దిబ్బ మీద, తల విరిగిన తాటిమాను నుంచి దక్షిణంగా ఇరవై రెండు అడుగులు కొలిచి మొదటి వరస. అక్కణ్ణుంచి పదేసి అడుగుల ఎడంతో రెండో వరస, మూడో వరస. లోతు నాలుగున్నర అడుగులు. ఇసక కాబట్టి పార సులువుగా దిగింది. పక్కలు కూలకుండా సరుగుడు మొద్దులు పెట్టాం. పల్లెలో చేతులాడే మగాళ్ళు తొమ్మిది మంది వచ్చారు. ఇద్దరు ఆడవాళ్ళు కూడా పార అడిగారు. ఇచ్చాను.

ఎవరింటి వాళ్ళు పక్కపక్కన ఉండాలంది నాంచారమ్మ. పదకొండు ఇళ్ళు, పదకొండు ముడులు. మొదటి వరసలో పన్నెండుగురు, రెండో వరసలో పన్నెండుగురు, మూడో వరసలో పదమూడుగురు. అందరికీ తల దక్షిణం. మా వంటవాడు పంజాబీ. దేవుడి మాట ఎత్తితే ఎగతాళి చేసేవాడు. ఆ రోజు టోపీ తీసి, పసివాళ్ళను ముగ్గురినీ తనే దింపాడు. ఇంకెవరినీ ముట్టుకోనివ్వలేదు.

పొగ సంగతి మర్చిపోలేదు. చచ్చిన గేదెలు పదకొండు, ఎడ్లు నాలుగు. వాటిని పల్లంలో పోగేసి సరుగుడు పేర్చి అంటించాం. సరుగుడు పచ్చిదైనా మండుతుందని ఈ తీరంలో ఎవరినడిగినా చెబుతారు. కిరోసిన్ చుక్క అక్కర్లేదు. నల్లటి పొగ తాటిచెట్టంత లేచి, గాలి లేక అక్కడే నిలబడింది.

ఒడ్డుకు కొట్టుకొచ్చిన వలల్లోంచి నాంచారమ్మ బెండ్లు కోసి తెచ్చింది. వల మునగకుండా పైఅంచుకు కడతారే, తేలిక కర్ర ముక్కలు, అవి. ఒక్కో సరుగుడు పుల్లకు ఒక్కో బెండు కట్టి, ఆ ఇంటి ముడే వేసి, ఒక్కొక్కరి తల దగ్గర గుచ్చింది. ముప్ఫై ఏడు. నేను పుస్తకంలో పటం గీశాను. తాటిమాను, మూడు వరసలు, అడుగులు, పేర్లు.

"పేర్లు రాసుకున్నావుగా. ఏం చేస్తావబ్బాయ్ వాటిని?"

"రాయి వేయిస్తానమ్మా. పేర్లన్నీ చెక్కించి ఇక్కడ నిలబెట్టిస్తా. ఈ దిబ్బ మీద ఎవడూ గునపం దించకుండా చేస్తా. మాట."

నన్నెవరూ అడగలేదు ఆ మాట. నా అంతట నేనే ఇచ్చాను.

నాంచారమ్మ నా మొహంలోకి చూసింది. "రాయి సంగతి తర్వాత. పొద్దుట్నించి ఏమన్నా తిన్నావా?"

సాయంత్రం అయిదున్నరకు సుబేదారు పడవ వచ్చింది. ఆయన దిబ్బ ఎక్కాడు. మూడు వరసలు చూశాడు. బెండ్లు చూశాడు. పల్లంలో ఇంకా రాజుకుంటున్న బూడిద చూశాడు. తర్వాత కిరోసిన్ డబ్బాల దగ్గరకు పోయి ఒకటి ఎత్తాడు. నిండుగా ఉంది. రెండోది ఎత్తాడు. అదీ నిండుగానే ఉంది. కింద పెట్టాడు.

"సరుగుడు పచ్చిదైనా మండుతుంది సాబ్," అన్నాను.

"అలాగా. మంచి చెట్టు." జేబు గుడ్డతో చేతులు తుడుచుకున్నాడు. "మా కొండల్లో లేదు. రిపోర్టు రాసెయ్."

రేడియో ఆపరేటర్ బాపట్లను పిలిచాడు.

"శవాలెన్ని? ఓవర్."

"ముప్ఫై ఏడు. ఓవర్."

"దహనం పూర్తయిందా? ఓవర్."

ఆపరేటర్ నా వైపు చూశాడు. నేను సుబేదారు వైపు చూశాను. సుబేదారు సముద్రం వైపు చూస్తున్నాడు.

"పూర్తయింది. ఓవర్."

"శభాష్. అవుట్."

రిపోర్టు పుస్తకంలో నా చేత్తో రాశాను: మానవ శవాలు ముప్ఫై ఏడు, దొరికిన స్థలంలోనే దహనం. హవల్దార్ సంతకం. కింద సుబేదార్ సంతకం. సైన్యంలో ఉన్న పద్దెనిమిదేళ్ళలో నేను రాసిన అబద్ధం అదొక్కటే.

*

పందొమ్మిది రోజులున్నాం. బావులు తోడాం. తోడిన ప్రతిసారీ ఉప్పునీళ్ళే ఊరాయి. ఆరో బావిలో తొమ్మిదోసారికి నోట్లో పోసుకోగలిగిన నీళ్ళొచ్చాయి. దిబ్బ కింద తాటాకు పాకలు ఇరవై వేశాం. పన్నెండో రోజున పల్లెవాళ్ళు విరిగిన రెండు పడవలు కలిపి ఒక పడవ చేసుకున్నారు. దాన్ని నీళ్ళలోకి తోసేటప్పుడు మమ్మల్నీ చెయ్యి వెయ్యమన్నారు. ఆ రోజు దొరికిన చేపల్ని ఎవరూ తినలేదు. సముద్రం ఏం తిని ఉందో అందరికీ తెలుసు. బుట్టెడు చేపల్నీ మళ్ళీ నీళ్ళలోకే వంపేశారు. మూడు రోజుల తర్వాత ఒక ముసలాయన తిన్నాడు. మిగతావాళ్ళు ఆయన్ని చూస్తూ కూర్చున్నారు. తర్వాత వాళ్ళూ తిన్నారు.

వెళ్ళిపోయే రోజు ఉదయం ఏడున్నరకు పడవ ఎక్కాం. నాంచారమ్మ ఒడ్డుకు రాలేదు. దిబ్బ మీద ఉంది. ముందు రోజు గాలికి పుల్లలు కొన్ని వదులయ్యాయి. ఆవిడ మొదటి వరస నుంచి మొదలుపెట్టి, ఒక్కో పుల్ల దగ్గరా ఆగి, చుట్టూ ఇసకను మడమతో నొక్కుతోంది. నొక్కి, తర్వాతిదాని దగ్గరకు పోతోంది. తొందర లేదు. మమ్మల్ని చూడలేదు. పడవ మలుపు తిరిగేసరికి రెండో వరసలో నాలుగోదాని దగ్గరుంది.

ఇప్పటికీ కళ్ళు మూస్తే ఆ మడమే కనపడుతుంది. నా పెళ్ళి గుర్తులేదు సరిగ్గా. అది మాత్రం గుర్తుంది.

రేపల్లెలో టీ కొట్టుకు తాటాకు కప్పు పడింది. మంగలి కుర్చీ రోడ్డు మీదకొచ్చింది. బియ్యం కోసం నిలబడ్డ వరసలో ఆడవాళ్ళు పోట్లాడుకుంటున్నారు. ఊరు లేస్తున్నదని ఆ అరుపులు విని అనుకున్నాను. తెనాలిలో రెండు గంటలు ఆగనిచ్చారు. మా ఆవిడ నన్ను పెరట్లోనే నిలబెట్టి నాలుగు బిందెలు కుమ్మరించింది.

"ఇంకా వాసనొస్తన్నావు," అంది.

"ఇంకో బిందె పొయ్యి."

"నీళ్ళతో పోయేది కాదులే ఇది," అని లోపలికి పోయింది.

*

మరుసటి ఏడాది సర్వీసు అయిపోయి ఇంటికొచ్చాను. తెనాలిలో రైసు మిల్లు దగ్గర వాచ్‌మన్ పని. రాయి సంగతి మనసులో ఉంది. ఉత్త చేతులతో పోయి నాంచారమ్మకు మొహం చూపించలేను. రాయికి పర్మిషన్ కాగితం చేతికొచ్చాక పోదామనుకున్నాను. అర్జీ పెట్టాను. జవాబు లేదు. ఇంకోటి పెట్టాను.

డెబ్బై తొమ్మిది వేసవిలో మిల్లుకొచ్చిన రేపల్లె లారీ డ్రైవరు మాటల్లో చెప్పాడు, ఆ దిబ్బ మీద పక్కా ఇళ్ళ కాలనీ లేస్తోందని. మర్నాడు మొదటి రైలెక్కాను. రేపల్లెలో దిగి బస్సు, బస్సు దిగి ఏడు కిలోమీటర్ల నడక. పదకొండింటికి చేరాను.

దిబ్బ మీద సున్నంతో గీతలు గీశారు. బెండ్లు లేవు. ఒక్క పుల్ల లేదు. తాటిమాను ఉంది. ఇరవై రెండు అడుగులు కొలిచాను. నా కాళ్ళు పునాది గుంటలో దిగాయి.

"ఎవరండి మీరు? గుంటలో పడతారు, ఇటు రండి," అని మేస్త్రీ కేకేశాడు.

"పని ఆపండి. ఇక్కడ మనుషులున్నారు."

"ఉన్నారండి, పది మంది కూలీలు. కనపడట్లేదా?"

"కింద."

అతను నన్ను పైనుంచి కిందిదాకా చూశాడు. ఎండదెబ్బ అనుకున్నాడో ఏమో, మంచినీళ్ళు తెప్పించాడు.

"అన్నగారూ, నేను పని చేసేవాణ్ణి. ఆపమని ఆఫీసు కాగితం తెండి, ఈ నిమిషాన ఆపేస్తా. అసలే తలనొప్పిగా ఉంది. మూడడుగులకి మించి తవ్వొద్దని ఇక్కడోళ్ళు ఒకటే గోల. పొద్దుగూకులూ ఎవరో ఒకరు గుంట పక్కనే నిలబడతారు. ఇసకలో మూడడుగుల పునాది ఏంటండి?"

ఆ మాట విన్నాను. చెవిలో పడింది, అంతే. కోపంలో ఉన్నాను. నాంచారమ్మ ఎక్కడని అడిగితే ఎండుచేపలు అమ్మడానికి నిజాంపట్నం పోయిందన్నాడు. మంచిదే అయిందనుకున్నాను. ఆవిడ వచ్చేలోగా అక్కణ్ణుంచి వచ్చేశాను. సిగ్గుపడి వచ్చేశాను.

ఆ సాయంత్రం నుంచి రాయడం మొదలుపెట్టాను. తాలూకా స్థాయి, జిల్లా స్థాయి, పైస్థాయి, ఏ ఆఫీసునూ వదల్లేదు. పటం నకలు తీసి ప్రతి అర్జీకీ జతచేశాను.

"పోస్టాఫీసువాళ్ళు నిన్నే ఉద్యోగంలో పెట్టుకోవాల్సింది. తపాలా బిళ్ళల డబ్బులన్నా మిగిలేవి," అనేది మా ఆవిడ. అంటూనే కవర్లకు జిగురు తనే రాసేది.

ఆగస్టులో ఒక జవాబు వచ్చింది. టైపు చేసిన నాలుగు లైన్లు. సైనిక దళం వారి నివేదిక ప్రకారం సదరు గ్రామంలో ముప్ఫై ఏడు శవాలు దహనం చేయబడినవి, ఖననం జరిగినట్లు ఆధారం లేదు, కనుక అర్జీ తోసిపుచ్చడమైనది.

నా రాతే. నా చేతిరాతే ఎవడో టైపు చేసి నా మొహాన కొట్టాడు.

మా బావమరిది వద్దన్నాడు. "మూసుక్కూర్చో బావా. అబద్ధం రిపోర్టని నువ్వే రాసిస్తే పెన్షను కూడా ఊడగొడతారు." నేను వినలేదు. ఒక పూటంతా కూర్చుని రాశాను. ఆ రిపోర్టు అబద్ధం. రాసింది నేను. ఆర్డరు ధిక్కరించింది నేను. సుబేదారుకు సంబంధం లేదు. (ఆయన గురించి రాసిన ఈ ముక్కా అబద్ధమే, కానీ అది మంచి అబద్ధం.) నన్నేం చేసినా చెయ్యండి, ఆ మనుషుల మీద నుంచి ఆ ఇళ్ళు తియ్యండి. దిబ్బ వదిలి కాలనీని ఇంకెక్కడైనా కట్టండి. ఇలా రాసి రిజిస్టరు పోస్టులో పంపాను.

రెండు నెలలు ఏమీ లేదు. తర్వాత విచారణకు మనిషిని పంపుతున్నట్టు ఒక కార్డు వచ్చింది. మా ఆవిడకు చదివి వినిపించాను. గెలిచినట్టే అన్నాను.

డిసెంబరులో వచ్చింది అసలు జవాబు. ఆఫీసుది కాదు. ఇన్‌లాండ్ లెటరు. స్కూలు పిల్ల చేతిరాత, గుండ్రంగా, పెన్సిలుతో. చదివి మడిచి పెట్టెలో పెట్టాను. ఆ తర్వాత నేను ఏ ఆఫీసుకూ అర్జీ రాయలేదు. మొదట్లో రాసిన తప్పు నేను ఇప్పటికీ తప్పనే అంటాను. ఎవరి తప్పో మాత్రం ఆ ఉత్తరం చదివినప్పటి నుంచీ గట్టిగా అనలేకపోతున్నాను. దాన్ని ఉన్నదున్నట్టు దించుతున్నాను.

"తెనాలి హవల్దారు అబ్బాయికి నాంచారమ్మ చెప్పి రాయించేది. నీ అడ్రసు మొన్నొచ్చిన ఆఫీసరు దగ్గర నీ కాగితం మీద చూసి మా మనవరాలు రాసుకుంది. ఆఫీసరు నీ పటం పట్టుకొచ్చి ఇక్కడ శవాలున్నయ్యా అని ఇంటింటికీ అడిగాడు. లేవన్నాం. అన్నీ కాల్చేశారు, పొగ మా కళ్ళతో చూశాం అని ఊరంతా ఒకటే మాట చెప్పాం. ఉన్నయ్యంటే మమ్మల్ని దిబ్బ మీద నించి మళ్ళీ పల్లానికి దించుతారు అబ్బాయ్. పల్లంలో ఏమయిద్దో నువ్వు చూశావు కదా. నీ కాగితాలు ఇంక ఆపు. దిబ్బ మీద ఇళ్ళు కావాలని అడిగింది మేమే. చీట్లేసి ఇస్తామంటే ఒప్పుకోకండా ఎవరి మనుషుల మీద వాళ్ళం ఇల్లు తీసుకున్నాం. మూడడుగులకి మించి గునపం దిగనీలేదు. బెండ్లు పారెయ్యలేదు, ఎవరింటి దూలానికి వాళ్ళు కట్టుకున్నాం. నీ రాయి మాకొద్దు. మేస్త్రీ చెప్పిన గుర్తుల్ని బట్టి ఆ రోజు వచ్చింది నువ్వేనని తెలిసింది, రాయి వేయించలేదని మొహం చాటేశావు. వచ్చినోడివి ఒక్క మాట నన్ను అడగాల్సింది. మా ఆయన రెండో వరసలో నాలుగో మనిషి, నీ పుస్తకంలో ఉంది చూసుకో. ఆయన మా గడప కింద ఉన్నాడు. రోజూ పొద్దున్నే గడప కడుగుతున్నా. ఈసారి వచ్చినప్పుడు ఆఫీసుకి పోకు, ఇంటికి రా. గడప తొక్కకండా దాటి రా."